అవతలి చెయ్యి

కిందటి వారం అద్దాల మేస్త్రిని కూతురింటి కిటికీ ముందు వదిలి వచ్చాం. ఆయన ఇంకా అక్కడే నిలబడి ఉన్నాడు.

ఆ కిటికీకి ఉన్నది దొంగలకి లొంగని అద్దం. రెండు పలకల మధ్య ప్లాస్టిక్ పొర పెట్టి ఒకటిగా అదిమినది. దెబ్బ తగిలితే పగులుతుంది, కానీ ఊడి కింద పడదు. మనిషి దూరడానికి సందు ఇవ్వదు. మేస్త్రే తెచ్చాడు, మేస్త్రే బిగించాడు. ఎవరు రాకుండా బిగించాడో ఆ వీధిలో అందరికీ తెలుసు.

వానలకి ముందు ఆ ఇంట్లో దొంగతనం జరిగింది. అప్పుడున్నది మామూలు అద్దం. దొంగ దాన్ని పగలగొట్టలేదు. బయటి నుంచి చెక్కపట్టీలు ఊడదీసి, పలకని ఒడుపుగా బయటికి లాగి, గోడకి ఆనించి లోపలికి వెళ్లాడు. "ఇది అద్దాల పని వచ్చినవాడి పని" అన్నాడు అల్లుడు. ఆ కుటుంబంలో అద్దాల పని వచ్చినవాళ్లు ఇద్దరే. ఒకడు మేస్త్రి, రెండోవాడు ఆయన కొడుకు. మేస్త్రి నలుగురి ముందు కొడుకు మొహం చూసి, "ఇక నా గడపా తొక్కకు, నీ అక్క గడపా తొక్కకు" అన్నాడు. కొడుకు ఎదురు చెప్పలేదు. చేతి తొడుగులు తీసి అద్దాల షెడ్డులో బల్ల మీద పెట్టి వెళ్లిపోయాడు.

నిన్న మధ్యాహ్నం ఆ గట్టి అద్దం పగిలింది.

పలకంతా తెల్లబడిపోయింది. ఉప్పు గల్లు అతికించినట్టుంది. లోపలి గది కనిపించడం లేదు. ఒక్క ముక్క కూడా కింద పడలేదు.

"చూశారుగా మామయ్యా" అన్నాడు అల్లుడు. పనికి బయలుదేరుతున్నాడు. చొక్కా నలిగి ఉంది. "మళ్లీ వచ్చాడు. ఈసారి అద్దం లొంగలేదు కాబట్టి సరిపోయింది. సాయంత్రం స్టేషన్‌కి వెళ్తున్నా. ఇన్నాళ్లూ మీ మొహం చూసి పేరు చెప్పలేదు. ఇవాళ చెప్పేస్తా."

మేస్త్రి "ఊఁ" అన్నాడు.

"ఊఁ అంటే కాదు. మీరూ రావాలి. బిగించింది మీరు కదా. బయటి నుంచి కొట్టారని మీ నోటితో ఒక్క మాట చెబితే చాలు."

పిట్టగోడ అవతల బట్టలు ఆరేస్తున్న పక్కింటి పిన్ని తల పైకెత్తింది.

"ఏం అద్దం తెచ్చావయ్యా మేస్త్రీ! ఇంత చితికినా కింద పడనంటోంది. అచ్చం మీ అల్లుడే. అనుకున్నది అనుకున్నట్టు పట్టుకునే ఉంటాడు."

"పిన్నీ, నేనిక్కడే ఉన్నా" అన్నాడు అల్లుడు.

"ఉన్నావనే అన్నా నాయనా. లేనప్పుడు అనే అలవాటు నాకు లేదు."

"నిన్న నీకేమైనా వినపడిందా?" అని అడిగాడు మేస్త్రి. ఆయన నోరు విప్పి అడగడమే విడ్డూరం. పిన్ని చేతిలో చీర పిండడం ఆపేసింది.

"ఒకటే చప్పుడయ్యా. ఢామ్మని. గ్యాస్ బండ పేలిందేమో అనుకున్నా. మళ్లీ ఏం లేదు."

అల్లుడు బండి తీసుకుని వెళ్లిపోయాడు. వీధి మలుపు తిరిగేదాకా మేస్త్రి అలాగే ఉన్నాడు. తరవాత అరచెయ్యి పంచెకి తుడుచుకుని అద్దం మీద పెట్టాడు.

నిన్నటి నుంచి ఎవరూ దాన్ని ముట్టుకోలేదు. పగిలిన అద్దాన్ని ఎవరు ముట్టుకుంటారు, చెయ్యి తెగుతుందని భయం. మేస్త్రికి ఆ భయం పోయి చాలా కాలమైంది. అరచేతిని మెల్లగా పై మూల నుంచి కింది మూలకి జరిపాడు. మళ్లీ అడ్డంగా జరిపాడు. గోరుతో గీరి చూశాడు.

నున్నగా ఉంది.

ఎక్కడా గరుకు తగల్లేదు. గోరుకి ఎక్కడా పట్టు దొరకలేదు. బయటి పలక చెక్కు చెదరలేదు. పగిలింది లోపలి పలక.

మేస్త్రి అద్దం మీది నుంచి చెయ్యి తీశాడు. చెప్పులు వాకిట్లో వదిలి ఇంట్లోకి వెళ్లాడు.

కూతురు మంచం మీద కూర్చుని ఉంది. పక్కన ఉతికిన బట్టలు కుప్పగా పడి ఉన్నాయి. తండ్రిని చూసి లేచి, "నీళ్లు తెస్తా నాన్నా" అంది.

ఆయన వద్దని తల ఊపి కిటికీ దగ్గరికి వెళ్లాడు. లోపలి వైపు చెయ్యి పెట్టాడు. గరగరలాడింది. పంచదార మీద పెట్టినట్టు. వేళ్లకి సన్నటి పొడి అంటింది. కింది మూల దగ్గర, పట్టీకి ఆనుకుని, గోరంత గుంట ఉంది. దెబ్బ పడింది అక్కడే. మొనదేలిన బరువైనదేదో పడింది. ఆయన ఆ గుంటలో వేలు పెట్టి కాసేపు ఉంచాడు.

తరవాత మంచం మీది బట్టల కుప్ప వైపు చూశాడు. అల్లుడి నలిగిన చొక్కా గుర్తొచ్చింది.

"ఇస్త్రీ పెట్టె ఏదమ్మా?"

కూతురు వంగి ఒక చొక్కా మడవసాగింది.

"నిన్నే అడుగుతున్నా."

"మంచం కింద ఉంది" అంది కూతురు.

ఆయన వంగి తీశాడు. ఇనప పెట్టె, పాతది, వాళ్లమ్మ వాడింది. మొన కొంచెం నొక్కుకుపోయి, సందులో అద్దపు రజను మెరుస్తోంది. దాన్ని ఒళ్లో పెట్టుకుని మంచం అంచున కూర్చున్నాడు. తిట్టలేదు. ఆయన తిట్టి ఉంటే కూతురికి తేలికగా ఉండేది.

"తమ్ముడు వచ్చాడు నాన్నా."

మేస్త్రి తలెత్తాడు.

"నిన్న అన్నం తిని బట్టలు ముందేసుకున్నా. కిటికీలో నీడ పడింది. చూస్తే వాడు. చిక్కిపోయాడు. గడ్డం పెరిగింది. నేను గుర్తుపట్టడానికే కాసేపు పట్టింది. తలుపు దగ్గరికి రారా అని సైగ చేశా. రానని తల ఊపాడు. గడప తొక్కొద్దని నువ్వన్నావుగా. కిటికీ బయట నిలబడొద్దని అనలేదు. అందుకని అక్కడ నిలబడ్డాడు."

"నువ్వు బయటికి వెళ్లలేదా?"

"గొళ్లాలన్నీ తీసుకుని వెళ్లేసరికి వెళ్లిపోతాడేమోనని కాలు కదల్లేదు నాన్నా. వాడేదో చెప్తున్నాడు. నోరు కదులుతోంది. ఒక్క మాట వినపడదు. ఈ అద్దం నువ్వు ఎలాంటిది పెట్టావోగానీ, అది దొంగనే కాదు, మాటనీ రానివ్వదు. గట్టిగా చెప్పరా అన్నా. నా మాట వాడికి వినపడలేదు. ఇద్దరం చేపల్లా నోళ్లు తెరుస్తూ మూస్తూ ఉన్నాం." ఆమె నవ్వబోయింది. నవ్వు రాలేదు. "వాడు మొహం తిప్పేసుకున్నాడు. ఏడుస్తున్నాడేమో. నాకు పిచ్చెత్తినట్టయింది. చేతిలో ఇస్త్రీ పెట్టె ఉంది. పగిలితే మాట వినపడుతుంది కదా అని కొట్టా."

ఆమె అద్దం వైపు చూసింది.

"అంతే నాన్నా. మొత్తం తెల్లబడిపోయింది. అప్పటిదాకా మాట ఒకటే లేదు, మనిషైనా కనపడుతున్నాడు. నా చేత్తో నేనే అదీ లేకుండా చేసుకున్నా. అవతల మసకగా నిలబడి ఉన్నాడు. కాసేపటికి ఆ మసక కూడా లేదు. తలుపు తీసుకుని పరిగెత్తా. వీధిలో ఎవరూ లేరు."

కాల్చి గట్టిపరచిన పలక అంతే. ఒక చోట పగిలితే అంతా ఒకేసారి పగులుతుంది. ఆ సంగతి మేస్త్రికి తెలుసు, ఆయన కొడుక్కీ తెలుసు. కూతురికి తెలియదు. ఎవరూ చెప్పలేదు.

"మీ ఆయనకి ఎందుకు చెప్పలేదు?"

"వస్తూనే దొంగ దొంగ అని అరిచారు. నేను నోరు తెరిచేలోపే తమ్ముడి పేరు ఎత్తారు. వాడు నిజంగానే వచ్చాడు కదా, ఏమని చెప్పను? వచ్చాడంటే, చూశావా అంటారు. నేనే కొట్టానంటే, వాణ్ని లోపలికి రానివ్వడానికి కొట్టావా అంటారు." ఆమె ముక్కు తుడుచుకుంది. "ఆయన్ని అని ఏం లాభంలే. ఆయన పరాయి ఇంటివారు. నువ్వేం చేశావు?"

మేస్త్రి ఇస్త్రీ పెట్టె మొనని బొటనవేలితో రుద్దుతున్నాడు.

"ఆ రోజు పాత అద్దం వాకిట్లో ఎలా ఉందో నువ్వు చూశావా నాన్నా?"

"గోడకి ఆనించి ఉంది."

"దాని కింద ఏముంది?"

ఆయన రుద్దడం ఆపాడు.

"ఏం లేదు. ఉత్త గచ్చు మీద పెట్టాడు ఆ దొంగ. తమ్ముడు ఎప్పుడైనా అద్దాన్ని ఉత్త నేల మీద పెట్టాడా? కింద రెండు చెక్కముక్కలు లేకుండా చేతి అద్దమైనా నిలబెట్టాడా? వీడికి అన్నం కంచం పెట్టినా కింద చెక్క వెతుక్కుంటాడని అమ్మ ఎన్నిసార్లు నవ్వింది? నేను గరిటె తిప్పేదాన్ని. నాకే తట్టింది. నువ్వు వాడి పక్కన నిలబడి పని చేసినవాడివి. నీకు తట్టలేదా?"

మేస్త్రికి ఆ పలక గుర్తొచ్చింది. దొంగతనం జరిగిన పొద్దున దాన్ని ఎత్తింది ఆయనే. కింది అంచు చితికి ఉంది. ఎత్తబోతే బొటనవేలు తెగింది. నోట్లో పెట్టుకుని చీకి, కోపంతో కొడుకు కోసం చూశాడు. వేలు ఎందుకు తెగిందో ఆలోచించలేదు. అంచు ఎందుకు చితికిందో ఆలోచించలేదు. కింద చెక్క లేదన్న సంగతి తనకి వచ్చిన పనే కళ్ల ముందు చూపించింది. ఆయన చూడలేదు.

పిట్టగోడ అవతల పిన్ని బకెట్ ఎత్తుకుని లోపలికి వెళ్తున్న చప్పుడైంది.

"వాడు చేత్తో ఏమైనా చేశాడా?" అని అడిగాడు చివరికి.

"చేత్తోనా? ఆఁ. మొదట్లో. మాట వినపడటం లేదని తెలిశాక నీ షెడ్డు వైపు చెయ్యి చూపించాడు. నీకు చెప్పమనేమో. తరవాత వేళ్ల కణుపులతో అద్దం మీద కొట్టాడు."

"ఎలా?"

ఆమె మంచం కోడు మీద కొట్టి చూపించింది. టక్, టక్. "ఇలా. రెండు. ఆగి నా మొహం చూశాడు. మళ్లీ అలాగే రెండు. దేనికో ఎదురుచూస్తున్నట్టు అలాగే నిలబడ్డాడు."

"అప్పుడు?"

"అప్పుడే నేను కొట్టింది."

"ఎన్ని?"

"ఒక్కటే నాన్నా. ఒక్క దెబ్బకే కదా..." ఆమె ఆగిపోయింది. "ఏంటి నాన్నా? అలా అయిపోయావేంటి?"

నిలువుటద్దాలు మోసేవాళ్లకి ఒక ఇబ్బంది ఉంది. అద్దం పెద్దదైతే ఇవతల ఒకడు, అవతల ఒకడు పట్టుకోవాలి. ఒకరికొకరు కనపడరు. ఇవతలివాడికి తన మొహమే కనిపిస్తుంది, అవతలివాడికి రంగు పూసిన వీపు కనిపిస్తుంది. మెట్ల మీద, బండ్ల రొదలో, మాట అందదు. అందుకని మేస్త్రి కొడుక్కి పని నేర్పిన కొత్తలోనే ఒక పద్ధతి పెట్టాడు. కణుపులతో అద్దం మీద రెండు కొడితే, ఇక నా వల్ల కాదు, నా చెయ్యి వదులుతున్నా, బరువు నువ్వు తీసుకో అని. అవతలి నుంచి ఒకటి కొడితే, తీసుకున్నా, వదిలెయ్ అని. వరసగా మూడు కొడితే, ఆగు, వదలొద్దు అని. జవాబు రాకుండా వదలకూడదు. ఆ పద్ధతి వాళ్లిద్దరిదే. ఇంకెవరికీ తెలియదు.

ఒకసారి మేడ మెట్ల మీద కొడుకు రెండు కొట్టాడు. మేస్త్రికి అప్పుడే దగ్గు తెర వచ్చింది. జవాబు కొట్టలేకపోయాడు. దగ్గు తగ్గి ఒకటి కొట్టి, పలక దించి, అటు తిరిగి చూస్తే, కుర్రవాడి అరచెయ్యి తెగి మోచేతి దాకా నెత్తురు కారుతోంది. వదిలి ఉండాల్సిందిరా అంటే, "నువ్వు కొట్టలేదుగా నాన్నా" అన్నాడు.

అలాంటివాడు. జవాబు వచ్చేదాకా వదలడు.

నిన్న వాడికి జవాబు వచ్చింది. ఒకటి.

"చెప్పు నాన్నా. రెండు కొడితే ఏమని?" కూతురు ఆయన మోకాలు పట్టుకుంది. "మీ షెడ్డు గుర్తా? ఏమని అర్థం?"

మేస్త్రి కూతురి మొహం చూశాడు. రాత్రంతా ఏడ్చిన కళ్లు. ఈ మాట తనకి తెలుసు, ఇంకో మనిషికి తెలియకూడదు అనుకున్నాడు. మాటలు తక్కువైన మనిషికి అబద్ధం చెప్పడం కష్టం. వెతుక్కోవలసి వచ్చింది.

"బాగున్నావా అని" అన్నాడు.

"అంతేనా?"

"అంతే."

"మరి ఒకటి కొడితే?"

ఆయన లేచాడు. ఇస్త్రీ పెట్టెని మంచం మీద పెట్టాడు. "బాగున్నా అని" అన్నాడు, వెనక్కి తిరిగి చూడకుండా.

కూతురు వాకిలి దాకా వచ్చింది. "అయితే నేను బాగున్నాననే అనుకున్నాడన్నమాట. పోన్లే. నువ్వు వెళ్లు నాన్నా. వాడెక్కడున్నాడో చూడు. ఆయనకి నేనే చెప్తా. ఇస్త్రీ పెట్టె చూపించి మరీ చెప్తా. కొడితే కొట్టనీ, స్టేషన్‌కి మాత్రం వెళ్లనివ్వను."

"చెయ్యి పెట్టి చూడమను" అన్నాడు మేస్త్రి. "బయట నున్నగా ఉంటుంది. లోపల గరుకు. చూస్తే మీ ఆయనే నమ్ముతాడు."

చెప్పులు తొడుక్కుని నడిచాడు. నడక కాస్తా పరుగైంది. ఆ వయసు మనిషి వీధిలో పరిగెత్తుతుంటే జనం ఆగి చూశారు. బస్సులాగే చోటు దాకా వెళ్లాడు. బెంచీల మీద మొహాలన్నీ చూశాడు. సామాను బండ్లు నిలిపే చోట అడిగాడు. గడ్డం ఉన్న కుర్రవాడు, చిక్కినవాడు అన్నాడు. ఇంకేం చెప్పాలో తోచలేదు. అరచేతిలో కోత మచ్చ ఉంటుంది అన్నాడు. ఎవరూ చూడలేదన్నారు. వాడిక్కడ ఎక్కడ పడుకుంటున్నాడో, ఏం తింటున్నాడో, ఇన్నాళ్లూ తను ఎవర్నీ అడగలేదని అప్పుడు తెలిసింది. అడగవలసినవాడే అడగకపోతే ఊళ్లో ఇంకెవరికి పడుతుంది?

ఎండ తిరుగుతుండగా ఎక్కడికీ దారి తోచక షెడ్డు వైపు నడిచాడు.

షెడ్డు తలుపుకి పొద్దున తను వేసిన తాళం అలాగే ఉంది. ఎవరూ గడప తొక్కలేదు. ఆయన తాళం పట్టుకుని నిలబడ్డాడు. లోపల బల్ల మీద ఆ తొడుగుల జత ఉంటుంది. అప్పటి నుంచి తీయలేదు. రోజూ దాని మీద దుమ్ము దులిపి మళ్లీ అక్కడే పెడుతున్నాడు.

పక్క వాకిట్లో రేకుల కింద ఒక నిలువుటద్దం ఉండాలి. దర్జీ దుకాణం కోసం తెప్పించింది. మనిషి కంటే ఎత్తు, ఇద్దరు మోయాల్సింది. కొడుకు వెళ్లిన దగ్గర్నుంచి అది టార్పాలిన్ కప్పుకుని గోడకి ఆనే ఉంది. ఇంకో మనిషిని పెట్టుకోవయ్యా అని దర్జీ గొణిగిపోతూనే ఉన్నాడు. మేస్త్రికి మనసు రాలేదు.

ఇప్పుడు టార్పాలిన్ మడతపెట్టి పక్కన ఉంది.

అద్దం గోడకి లేదు. వాకిలి మధ్యలో నిటారుగా నిలబడి ఉంది. దానంతటదే నిలబడే వస్తువు కాదది. మేస్త్రి దగ్గరికి వెళ్లాడు. ఎదురుగా తనే కనిపించాడు. చెమట కారుతూ, నోరు తెరుచుకుని, ముసలి మొహం. ఇంత ముసలివాణ్ని అయ్యానా అనిపించింది.

చూపు కిందికి దించాడు. అద్దం కింద రెండు చెక్కముక్కలున్నాయి. వాటి సందులోంచి, అవతల, దుమ్ముపట్టిన రెండు పాదాలు కనిపించాయి. వేళ్లు వణుకుతున్నాయి.

"ఒరేయ్" అనబోయాడు.

అద్దం మీద చప్పుడైంది. టక్, టక్.

ఒక్కడు పట్టుకోగల బరువు కాదది. ఎంతసేపటి నుంచి పట్టుకుని ఉన్నాడో. తన అడుగుల చప్పుడు వాడికి తెలుసు. విని కొట్టాడు. మేస్త్రి రెండు చేతులూ చాచి పలకని పట్టుకున్నాడు. భుజం ఆనించాడు. చెంప అద్దానికి తగిలింది, చల్లగా ఉంది. కుడిచెయ్యి తీసి కణుపులతో కొట్టాడు. ఒకటితో ఆగిందనుకుని వాడు వదిలేస్తాడేమోనని భయంతో గబగబా కొట్టాడు. మూడు.

ఆగు. వదలొద్దు.

ఊపిరి బిగబట్టి విన్నాడు. అవతలి నుంచి ఏ చప్పుడూ రాలేదు. కింద చూస్తే పాదాలు అక్కడే ఉన్నాయి. వణుకు మాత్రం ఆగిపోయింది. పైన అద్దం అంచు, మెల్లగా, తన వైపు వాలడం మొదలుపెట్టింది.